అరవై ఒకటో పేజీ అంచు

కుతాయిసి గ్రంథాలయం నేలమాళిగలో
గాజుపలక కింద వెలుగు
ఒకసారి అటు, ఒకసారి ఇటు.
నా ఉద్యోగం పేజీ తిప్పడం.
ఎండాకాలం పూటకు రెండు వందలు, చలికాలం నూట యాభై.
తొడుగు వేసుకున్న వేళ్ళ మాట పాత కాగితం వినదు.

ఆ వారం బల్ల మీదికొచ్చింది బేరిపండ్ల పుస్తకం.
సీసపు అచ్చు. ద్రాక్షతీగ మెలిక తిరిగినట్టు గుండ్రని అక్షరాలు.
అట్ట లేదు. రచయిత పేరుండాల్సిన చోట
ఎవరో బ్లేడుతో శ్రద్ధగా కోసిన కిటికీ.
అందులోంచి తొంగి చూస్తే
వెనక పేజీలోని 'ఎరువు' అన్న మాట.
నేను నవ్వాను. నాజిబ్రోలా గారు నవ్వలేదు.
"ఆ ఏళ్ళలో మనుషుల్నీ ఇలాగే కోశారు" అంది,
మెట్లెక్కి వెళ్ళిపోయింది.

నూట పన్నెండు రకాలు.
తొక్క రంగు, తొడిమ పొడవు,
గడ్డిలో పెడితే ఎన్నాళ్ళు నిలవుంటుంది,
జ్వరం తగ్గినవాడికి ఏది, అలిగినవాడికి ఏది.

నాకిచ్చిన ఆదేశం ఒకటే: శుభ్రం చెయ్యి.
మూడు వందల ప్రతులు కొత్తగా అచ్చవుతాయి,
మిగతా లోకానికి తెర మీద.
రుద్దాను. పసుపు తెల్లబడింది.
చెదల దారులు పూడిపోయాయి.
వైన్ గ్లాసు అడుగు వలయం, కొవ్వొత్తి బొట్లు పోయాయి.
నలభై నాలుగో పేజీలో
నూరేళ్ళుగా రెక్కలు ముడుచుకుని పడుకున్న ఈగ,
దాన్ని కాసేపు చూసి
అదీ తుడిచాను.

అరవై ఒకటి దగ్గర ఆగాను.
'మంత్రసాని బేరి. ఆగస్టు చివరికి పండును' అని అచ్చు.
పక్కన పెన్సిల్‌తో, కోపంగా కుడికి వాలిన రాత:
"అబద్ధం. మొదటి మంచు తగలాలి.
ముందే కోస్తే అది పండు కాదు, రాయి."

మీట మీద వేలు పెట్టాను. తీశాను.
ధైర్యం అనకండి.
టీ చల్లారిపోతోంది, అంతే.

మార్చిలో ఫోను. రాచా కొండల్లోంచి.
మాట వెనక గాలి, గాలి వెనక కుక్క.
ఒతియా అట పేరు.
మనవరాలి ఫోనులో పేజీని
రెండు వేళ్ళతో సాగదీసి సాగదీసి చదివాడట.
"మా పెరట్లో ఒక చెట్టుంది. పేరు లేదు. 'అది' అంటాం.
అది పూసిందా, అది రాలిందా, అని.
ఆ పెన్సిల్ ఎవరిది, అమ్మా?"
తెలియదన్నాను.
పుస్తకం పాత కాగితాల కొట్లో కిలో లెక్కన దొరికిందన్నాను.
"పండు కాదు, రాయి. ఇది మా నాయనమ్మ మాట.
పచ్చికాయ కోస్తే చేతి మీద ఒకటిచ్చి అదే అనేది."
గాలి.
"కానీ ఆవిడకి అక్షరం ముక్క రాదనే కదా
మేమంతా అనుకున్నాం.
సంతకానికి వేలిముద్రే వేసేది."

చాలాసేపు ఇద్దరం మాట్లాడలేదు.
ఫోను బిల్లు ఆయనదే.

నవంబరులో బస్సు డ్రైవరు చేతిలో ఒక గోనెసంచి.
తొక్క మీద తుప్పురంగు మచ్చలు,
ఏడాదంతా నేను తుడిచిన రంగే.
నాజిబ్రోలా గారు కాగితాలు కోసే కత్తితోనే కోసింది.
రసం మోచేతిదాకా కారింది.
ఆవిడ నోట్లో ముక్కతోనే చెప్పింది,
నేను టైపు చేశాను,
మిగిలిన ప్రతులన్నిటిలో చిన్న చీటీగా అతికించాం:
తప్పొప్పుల పట్టిక. అరవై ఒకటో పేజీ, నాలుగో పంక్తి:
'ఆగస్టు' అని ఉన్నచోట
'మంచు' అని చదువుకోగలరు.

ఈగ గురించి ఇంతవరకు ఎవరూ అడగలేదు.
తుడవకముందు తీసిన పేజీ నా దగ్గరుంది.
అడిగితే ఇస్తాను.