సున్నా చివర

టేపుకి రెండు చివరలుంటాయి.
అంకె చదివే చివర సూపర్‌వైజరు గారిది,
సున్నా నాది.
పంతొమ్మిదేళ్ళుగా సున్నా పట్టుకుని
శ్రీకాకుళమంతా వంగి వంగి నడిచాను.

పాలకొండ రోడ్డు ఎనభై అడుగులని
కాగితం మీద ఎప్పుడో రాసేశారు.
నేల మీద అది ఒకచోట నలభై ఆరు,
పాత్రల కొట్టు దగ్గర ముప్పై తొమ్మిది,
పెద్దాసుపత్రికి పోయే అంబులెన్సు
కూత వేసి వేసి గొంతు పోగొట్టుకునే చోట
ముప్పై మూడున్నర.
అందుకే రోడ్డు వద్దని నేనెప్పుడూ అనలేదు.
ఆ అంబులెన్సులో ఓసారి మా అప్పలసూరి ఉన్నాడు.

ఏడు రోడ్ల జంక్షన్ నుంచి మొదలెట్టాం.
ఎర్ర రంగు డబ్బా, కుచ్చు ఊడిన బ్రష్షు,
గోడ మీద బాణం, బాణం పక్కన అంకె.
ఖద్దరు కొట్టు జోగినాయుడు అంకె చూడలేదు,
నా చేతులే చూశాడు.
టైలరు మస్తాన్ వలీ
మిషను ఆపకుండానే అన్నాడు:
"కొలతలు నేనూ తీస్తాను గదా,
టేపు బిగించే ముందు
మనిషిని ఊపిరి వదలమంటాను."

తవిటమ్మ ఇంట్లోకి పన్నెండడుగుల ఆరంగుళాలు.
ఆమెకి ముందు పుట్టినవాళ్ళు దక్కలేదట,
పురిట్లోనే చేటెడు తవుడుకి ఇచ్చేసి
మళ్ళీ తెచ్చుకుని ఆ పేరు పెట్టారు.
తన ధర తనకి తెలిసిన మనిషి.
డబ్బులుండవు, బాండు ఇస్తారన్నాడు సారు:
పోయిన నేలకి బదులు
ఇంకెక్కడో మేడ మీద మేడ లేపుకునే హక్కు.
ఇడ్లీ రేకులు తుడుస్తూ వింది.
"అంటే ఆకాశం నా పేర్న రాత్తారన్నమాట.
మంచిదే బాబూ.
మరి పొయ్యి ఎక్కడెట్టుకోను?"
సారు నవ్వలేదు, ఫైలు మూశాడు.
పలాస నుంచి రోజూ రైల్లో వస్తాడాయన.
అక్కడ ఆయన ఇంటి గోడ మీదా బాణం ఉందంటారు.

అసలు తకరారు మురుక్కాలవ దగ్గరొచ్చింది.
ప్లానులో బాణం తూర్పుకి.
తవిటమ్మ ప్లాను చూడలేదు,
కాలి బొటనవేలితో నేల మీద గీసింది.
"నీళ్ళు ఇటెలతాయి.
తుపానుకి మా మంచం ఇటే తేలినాది.
కిందన రాతి తూము ఉన్నాది,
మా మాంగారు దిగి సూసినాడు.
ఏటికాడికి దారి
నీళ్ళకి ఎవులూ సెప్పక్కర్నేదు."
విశాఖ నుంచొచ్చిన కన్సల్టెంటు కుర్రాడు
డ్రోను ఎగరేశాడు.
పై నుంచి తూము కనబడలేదు.
ఫీల్డు బుక్కులో ఆ పేజీ అంచున
నేను పెన్సిల్తో చిన్న గీత గీశాను.
సున్నా పట్టుకునేవాడు రాయకూడదు.
గీశాను.

జంక్షన్లో ఫ్లెక్సీ కట్టారు, రేపటి రోడ్డు.
చెట్లు ఏ ఊరివో తెలీదు.
మనుషులున్నారు, ఎవరికీ నీడ లేదు,
ఒక్కరి చేతిలోనూ సంచి లేదు.

జేసీబీ శుక్రవారం వచ్చింది.
సాయంత్రానికి ఇళ్ళ లోపలి రంగులన్నీ
రోడ్డున పడ్డాయి:
నీలం గోడ, గులాబీ గోడ, క్యాలెండరు మేకు,
పొగ నల్లబరిచిన అటక.
ఒక గోడ మీద వరసగా అడ్డగీతలు,
పై గీత పక్కన "బబ్లూ నాలుగో తరగతి".
మాకంటే ముందే ఎవరో కొలిచారిక్కడ.
డ్రైవరు ఇంజను ఆపి
బీడీ మొత్తం కాల్చాకే దాన్ని తోశాడు.

రోడ్డు బాగుంది.
అంబులెన్సు ఇప్పుడు కూత లేకుండానే పోతోంది.
కాలవ పలక నూటపద్నాలుగు మీద
తవిటమ్మ పొయ్యి వెలిగించింది.
తెల్లారుజామున మూత తీస్తే
ఆవిరి తన పేర్న ఉన్న చోటికి పోతుంది.
మొదటి వాన కోసం ఇద్దరం చూస్తున్నాం.
నీళ్ళు ఎటు పోతాయో ఆమెకి తెలుసు,
కాలవకి తెలుసో లేదో.

బదిలీ అయి వెళ్ళేరోజు సారు
"ఒకసారి ఆ చివర ఇలా ఇవ్వు" అన్నాడు.
సున్నా వేలికి చుట్టుకుని
రోడ్డు అవతలికి నడిచి నిలబడ్డాడు.
"ఎంతొచ్చింది?"
అంకె నా బొటనవేలి కిందే ఉంది.
చదవడానికి
నాకు కళ్ళజోడు లేదు.