మేఘం బరువు

పగలు ఓడల రేవులో తాళ్లు పేనుతాను.
కార్నివాల్ రాత్రుళ్లు, కాలువ పక్క నాటకశాలలో
ఆకాశాన్ని దించుతాను, ఎత్తుతాను.

కింద కూర్చున్నవాళ్లకి అది మేఘం.
నాకు దేవదారు చెక్క, జిగురు పూసిన నారగుడ్డ,
నాలుగు కప్పీలు,
అవతలి కొసన ఇసుక సంచులు పదకొండు.

సముద్రం కూడా మాదే.
మెలితిప్పి చెక్కిన ఐదు దూలాలకి నీలం గుడ్డ చుట్టి
ఒక్కోదానికి ఒక్కో కుర్రాడు పిడి తిప్పుతుంటే
అల వెనకాల అల.
తుఫాను రావాలంటే బోర్తొలో ఈల వేస్తాడు.
అందుకే ఇక్కడ ఎవరూ ఊరికే ఈల వెయ్యరు.
ఒకసారి ఎవడో హుషారుకొద్దీ వేస్తే
నరకం ముందే తెరుచుకుని
రాజుగారు పాట మధ్యలో అందులో పడ్డాడు.

తెరల మీది వీధి ఎంతో దూరం పోతుందట.
పోతుందట అనే అంటాను, నేను చూడలేదు.
అది తిన్నగా కనిపించే చోటు ఒక్కటే,
నడిమి గూట్లో దొరగారి కుర్చీ.
పక్కకి జరిగితే మేడలు ఒరిగిపోతాయి.
నా అటక మీంచి వీధంటే
చెక్కపలకల వీపులు, నూనెదీపాల మసి,
పాడేవాళ్ల నడినెత్తులు.

ఉషస్సుగా దిగేది ఒర్సెత్త.
ఆమె మొహం నాకు సరిగా తెలీదు.
బరువు తెలుసు.
భయపడ్డ రాత్రి తాడు సన్నగా వణికేది.
పై స్వరం అందుకునే ముందు ఊపిరి నింపుకుంటే
నా అరచేతిలో చిన్న గుంజు.

జనవరి ఆఖర్న ఒక రాత్రి
మేఘం జానెడు కిందకి పోయి ఆగింది.
తాడు తడిసిందేమో అన్నాడు బోర్తొలో.
తడిసిన తాడు కురచవుతుంది గానీ సాగుతుందా!
ఏమీ అనలేదు.
చిన్న సంచీలో నాలుగు దోసిళ్ల ఇసుక పోసి కట్టాను.
వారం తిరిగాక ఇంకో దోసెడు.
దుస్తులు కుట్టే ముసలమ్మకన్నా ముందు,
బహుశా
ఆమె చెప్పుకోవాల్సిన మనిషికన్నా ముందు
నా చేతులకి తెలిసింది.

ఆఖరి రాత్రి చప్పట్లు ఇంకా ఆగలేదు.
మేఘం పైకి వచ్చేసింది.
దిగుతూ ఆమె తాడు మీద చెయ్యి వేసి
గుర్రాన్ని నిమిరినట్టు నిమిరింది.
చీకట్లో నన్ను చూసి ఉండదు.

ఉపవాసాలు వచ్చాయి. దీపాలు ఆర్పేశారు.
మేఘాన్ని విప్పి గోడకి చేరేశాం.
సంచులు లెక్కపెట్టి అప్పజెప్పాను, పదకొండు.
చిన్నది లెక్కలో లేదు.
వంతెన మీద కాపలావాడు ఆపి
చంకలో ఏముందన్నాడు.

ఇసుక, అన్నాను.