పక్కకి వాల్చిన పీట

జగన్నాథపురం వంతెన దిగువన
బియ్యం బస్తాల మూతులు కుట్టేది ఓలేటి కాసులమ్మ.
చింతచెక్క పీట, ఒక కాలు పొట్టి;
కింద కొబ్బరి డొక్క ఎత్తుపెట్టి కూర్చునేది.

ఓడ తరఫున లెక్క రాసే క్వాబెనా
ఓ మధ్యాహ్నం ఆ పీట కేసి చాలాసేపు చూశాడు.
వచ్చీరాని హిందీలో చెప్పాడు:
మా కుమాసీలో రాజు కూడా కూర్చోని పీటుంది,
బంగారంది. జనం ప్రాణం దాన్లోనే.
దాని మీద కూర్చుంటానన్నాడు తెల్లదొర.
మగాళ్ళు నేల చూపులు చూస్తుంటే
ఓ ముసలి రాణమ్మ తుపాకీ అందుకుంది.

"పీట దక్కిందా?" దబ్బనం ఆపకుండా అడిగింది కాసులమ్మ.
దక్కింది. రాణినే సముద్రం దాటించేశారు.
"ఆఁ, పీట దక్కింది కదా"
పురికొస పంటితో కొరికింది.

లేచినప్పుడు పీటని పక్కకి వాల్చాలట,
ఖాళీ చూసి ఇంకెవరి ఆత్మో కూర్చోకుండా.
ఎందుకైనా మంచిదని
ఆ సాయంత్రమే వాల్చింది.

ఇప్పుడా వరసలో నేను.
బస్తాల మీద తెమా రేవు పేరు, నల్లరంగు తడి ఆరదు.
నిన్న కొత్త మేస్త్రీ కూర్చోబోయాడు.
కూర్చోనివ్వలేదు.

ఆరింటికి సైరన్.
తెల్లారేదాకా పీట
ఒత్తిగిలి పడుకుంటుంది,
పొట్టికాలు గాల్లో.