నోరు లేని టీవీ

సిరొంచ బస్టాండు ఎనుక
మా మేనత్త లసుంబాయి చాయ్ హోటల్ల
టీవీకి నోరుండదు.

తెలుగు చానల్ల మాట్లాడేటోళ్లకు
మేం ఓటెయ్యలేం, గోదారి అవతలోళ్లు.
మేం ఓటేసెటోడు మరాఠీల దంచుతడు,
అత్తకు అది సగమే ఎక్కుతది.
అందుకే ఇద్దరి గొంతూ పిసికింది.

"మాట లేకుంటెనే మనిషి కనబడతడు" అంటది
చాయ్ వడగడ్తూ.
"సూడు, ముసలమ్మను కావలించుకున్నడు,
కండ్లు మాత్రం కెమెరాను ఎతుకుతున్నయ్."

మొన్న నిజంగనే వచ్చిండు.
తెరకన్న పొట్టోడు. మెడ మీద సెగగడ్డ.
జీపు టైరు మార్చేదాక
మా బల్ల మీదనే కూసున్నడు.
నిరుటి తునికాకు పైసలు ఇంకా రాలేదని అత్త చెప్తే
చానసేపు ఇన్నడు,
అగ్గిపెట్టె మీద ఏదో రాసుకున్నడు గూడ.
కెమెరావోళ్లు అప్పటికే ముందు ఊరికి పోయిన్రు.

రాత్రి వార్తల్ల
పూలదండ, జీపు, ఊపే చెయ్యి.
సెగగడ్డ లేదు. మా బల్ల లేదు.

అత్త రిమోట్ కొంగుకు తుడిచి
మొదటిసారి సౌండు పెంచింది.
తెందూపత్తా అన్న ముక్క
యాడన్న వస్తదేమోనని
పాలు పొంగి పొయ్యి ఆరేదాక
అట్లనే నిలబడ్డది.