చుక్క జరిగిన చోట

ధర్మాబాదుల రైలు దిగినోళ్లు
ముందుగాల తుమ్ముతరు,
తర్వాతనే బోర్డు మీద ఊరి పేరు చదువుతరు.

నేను యెర్రంవార్ సేటు గిర్నీల
కారప్పొడి ప్యాకెట్లు కడుత.
ఇరవై ఐదు కిలోల సంచి ముందర గుమ్మరిస్తరు.
కిలోకు రెండు రూపాయలు కూలి.
వంద గ్రాముల ప్యాకెట్లు, పొద్దుమూకెదాక ఐదు సంచులు.
సంచికి ఎన్నయితయో
నా చేతులకెరుక, నాకు ఎరుక లేకుండె.

పోళా పండుగ ముంగట సేటు కొత్త కవర్లు తెచ్చిండు.
వేలెడంత. పది గ్రాములవి.
"తాండాలల్ల ఇవే పోతయి" అన్నడు.
"సంచి అదే, కిలోలు అవే, కూలి గూడ అదే."
నిజమే గదా అని తలకాయలూపినం.
ఆ ఒక్క సంచి అడుగు కనబడేసరికి
రెండు దినాలు పట్టింది.

శనివారం బట్వాడా.
పదిహేను నూర్లు వచ్చే చేతిల
నూటయాభై వడ్డయి.

ఆ రాత్రి మా ఉజ్వల లెక్కలు చేస్తున్నది,
మరాఠీ బడి, ఆరో తరగతి.
"అవ్వా, సున్న పాయింట్ ఒకటితోని భాగిస్తే
సంఖ్య పెరుగుతది."
"భాగిస్తే పెరుగుడేందే?
మా నాయిన మూడెకరాలు నలుగురికి భాగిస్తే
తలా ముప్పై గుంటలకు దిగింది.
పెరిగింది పంచాయితొక్కటే."

"అది మనుషులతోని భాగించుడు.
ఇది ముక్కతోని.
ఎంతమందికని అడుగది,
ఇసొంటి ముక్కలు ఎన్నని అడుగుతది."

పెన్సిలు తోటి ఇరవై ఐదు రాసింది,
పక్కన చుక్క పెట్టింది.
చుక్క కుడికి ఒక్క అడుగేసింది,
ఖాళీ జాగల సున్న వచ్చి కూసున్నది:
రెండు వందల యాభై.
ఇంకో అడుగు, ఇంకో సున్న:
రెండు వేల ఐదు నూర్లు.
"మూడో అడుగేస్తే?"
"ఒక్కొక్క గ్రామువి. ఇరవై ఐదు వేలు."
సేటు చెవిన పడొద్దని
ఆ మాట దగ్గర పుస్తకం మూసిన.

సున్న అంటే ఏం లేదనుకున్న ఇన్నేండ్లు.
ఆ రెండో సున్న
మా నడుముల మీద కూసున్నదని
అప్పుడు తెలిసింది.

సోమారం లసుంబాయి, రజియా, నేను
సేటు గల్లా ముందర నిలవడ్డం.
బల్ల మీద రాలిన కారంల
వేలుతోని అంకెలు గీసిన.
"సేటూ, ప్యాకెట్లల్ల చుక్క కుడికి వోయింది.
మా కూలిల ఎడమకు వచ్చింది.
రెండు దిక్కులా నీకే ఎట్ల కలిసొచ్చింది?"

సేటు క్యాలుకులేటరు ఒత్తిండు.
తుడిచి, మళ్ల ఒత్తిండు.
"ఎవ్వరు నేర్పిండ్రు ఈ హిశోబు?"
"ఆరో తరగతి" అన్నది రజియా.

ప్యాకెట్టుకు ఇరవై పైసలు అడిగినం,
పాత లెక్కన వచ్చిందే.
ఎనిమిదన్నడు, పదన్నడు,
పన్నెండు కాడ ఆగిండు.
లసుంబాయి కొంగు దులుపుకొని వెళ్లిపోయింది,
మళ్ల రాలే.
నేను కూసున్న. ఆమెదే రైటేమో, తెల్వదు.

ఇంటికొచ్చి మూడుసార్లు కడిగినా
చేతుల మంట పోదు.
ఉజ్వల నోటుబుక్కు తిరగేస్తుంటే
ఎర్రగ నా వేలి గుర్తు పడ్డది,
సరిగ్గ రెండుకు ఐదుకు నడుమ.
తుడిచిన కొద్ది పెద్దగైతున్నది.
రేపు గురూజీ దాన్ని
చుక్క అనుకొని దిద్దుతడో ఏమో.