పద్నాలుగో మనిషి

పడవ దిగేసరికి పొగ వాసన.
విక్టోరియా సరస్సు నడుమ అరచేయంత దీవి.
ఒక రేకు చూరు కింద ఇంకో రేకు దూరి
వానొస్తే ఊరంతటికీ కలిపి ఒకటే చప్పుడు.

నా సంచిలో రెండు కట్టలు:
మనుషులకు నీలం కాగితాలు,
చెట్లకూ చేపలకూ పసుపువి.
మ్వాంజా కాలేజీలో మాస్టారు రెంటినీ
ఒకే గళ్ళ కాగితం మీద గీసి చూపించారు.
ఒక గీత లేస్తుంది, ఒకటి వాలుతుంది,
అవి కోసుకునే చోట చిన్న చుక్క.
ఆ చుక్క మీద కాపురాలుంటాయని
అప్పుడు తోచలేదు.

ఒడ్డున రెల్లు లేదు. సున్నా చుట్టాను.
గుర్రపుడెక్క మాత్రం పడవల సందుల్లో
పిలవని పెళ్ళికొచ్చినట్టు కూచుంది.

మసాటు వల విప్పి చూపించాడు.
వాళ్ళ తాత వల కంతలో పిడికిలి పట్టేదట,
నాన్న వలలో మూడు వేళ్ళు.
ఇప్పుడు నా పెన్సిలే ఇరుక్కుంది.
"చేప చిన్నదైతే కంత చిన్నది కావద్దా?" అన్నాడు,
అడిగినట్టు కాదు, ఒప్పుకున్నట్టు.
స్కేలు పెట్టాను. ఆరు మిల్లీమీటర్లు.

సాయంత్రం న్యాంగెటా ముసలమ్మ ఇల్లు.
పిల్లలెంతమంది అంటే
వేళ్ళు చాలక పుల్లలు పేర్చింది, పదకొండు.
బతికున్నవాళ్ళ గడిలో రాయబోతుంటే
నాలుగు పుల్లలు పక్కకి జరిపింది.
వాటిని పొయ్యిలో పెట్టలేదు,
కట్టెల కోసం రెండు గంటలు పడవేసుకుపోయే ఊళ్ళో.

"నోరిచ్చినవాడు మెతుకివ్వడా" అంది పక్కింటావిడ.
"ఇచ్చాడు, కర్రపెండలం ఇచ్చాడు.
చేను ఏడు ముక్కలు చేసే పని మాత్రం
నాకొదిలాడు" అంది ముసలమ్మ.
మా పుస్తకాల్లో దీన్ని ఒత్తిడి అంటారు.
ఆమె దాన్ని కోడళ్ళ పేర్లతో చెప్పింది:
ఎవరి గట్టు ఎవరు ఎన్ని జానలు జరిపారో.

దీపం తగ్గించేముందు చదివి వినిపించాను:
ఈ రాత్రి ఈ కప్పు కింద పడుకునేవాళ్ళు, పదమూడు.
ఆమె తలూపలేదు.
"మా కుండలో నీళ్ళు తాగావు.
నీ టీకి రెండు పుల్లలు కాలాయి.
పిల్లని గోడవైపు జరిపి చాప మీద చోటిచ్చాం.
కాకి లెక్క రాసుకుపోతావా?"

నేను లెక్కపెట్టేదాన్నని చెప్పబోయి,
నీలం కాగితం మీద పద్నాలుగు అని దిద్దాను.
పసుపు కాగితం మీద,
కట్టెల గడిలో, రెండు కలిపాను.

చాప ఇరుకు.
ఎవరిదో మోకాలు రాత్రంతా
నా నడుముకి ఆనుకునే ఉంది,
వెచ్చగా.