పదకొండు ఫ్రేములు

కైరోలో, షుబ్రా వీధి వెనక
కిటికీ లేని గదిలో
ముప్పయ్యేళ్లు మనుషుల్ని కలిపాను నేను,
కత్తెరతో, జిగురుతో.

విడిపోయినవాళ్లు కలుసుకునే కథలంటే
మా ప్రొడ్యూసరు మున్సిఫ్ బేకి పిచ్చి.
"మొదటి రీల్లో విడదియ్, చివరి రీల్లో కలుపు,
మధ్యలో జనాన్ని ఏడవనియ్" అనేవాడు
గుమ్మడి గింజలు కొరుకుతూ.
గుర్తుపట్టడానికో పుట్టుమచ్చ,
కలవడానికి ఎప్పుడూ అదే రైల్వే ప్లాట్‌ఫారం:
స్టూడియోలో ప్లాస్టరుతో కట్టింది.
పట్టాలు పదడుగులే.
ఇంజను ఆవిరి కావాలంటే
గోడ వెనక ఓ కుర్రాడు నీళ్ల డ్రమ్ము మరిగించేవాడు.

హీరో ఆ చివర, హీరోయిన్ ఈ చివర.
మధ్యలోంచి నడిచిపోయే జనంలో నజ్మియ్యా.
రోజుకి ముప్పై పియాస్టర్లు, చిక్కుడుపప్పు పెట్టిన రొట్టె ఒకటి.
ఖాళీ సూట్‌కేసుని బరువుగా మోయడం
ఆమెకొచ్చినట్టు ఇంకెవరికీ రాదు.

మొదటిసారి పొరపాటనుకున్నాను.
హీరోయిన్ పరుగెత్తుతోంది, కెమెరా వెంట పరుగెత్తుతోంది,
ఆ భుజం వెనక ఒక బూడిదరంగు స్కార్ఫు ఆగి
సూటిగా లెన్సులోకి చూసింది,
కుడిచెవి తమ్మె రెండు వేళ్లతో పట్టుకుని.
లెక్కపెట్టాను. పదకొండు ఫ్రేములు.
అర సెకను కూడా లేదు.
తర్వాతి సినిమాలో మళ్లీ.
ఆ తర్వాతి దాంట్లో మళ్లీ.

"కోసెయ్" అన్నాడు డైరెక్టరు.
కోసేముందు పిలిచి అడిగాను.

"యాఫా రేవులో రెండు పడవలు, ఉస్తాద్ లబీబ్.
నేనెక్కింది పోర్ట్ సయీద్ వచ్చింది.
మా చెల్లి విదాద్ ఎక్కింది ఎటు పోయిందో!
బేరూత్ అన్నారు, గాజా అన్నారు,
మునిగిందని కూడా అన్నారొకరు, వాడి నోట్లో మన్నుపడ.
ఉత్తరం రాయాలంటే ఊరు తెలియాలి కదా?
మీ సినిమాకి ఆ బాధ లేదు,
అన్ని ఊళ్లకీ అదే పోతుంది.
దానికా, సినిమా అంటే ప్రాణం.
ఎక్కడో ఓ చవక బెంచీ మీద కూచునే ఉంటుంది."

చెవి సంగతి?

"దానికి చెవులు కుట్టిన రోజు
ఎదురుగా నిలబడి నా చెవి పట్టుకున్నా,
నొప్పి ఇటొచ్చేస్తుందిలే అని చెప్పి.
నమ్మింది పిచ్చిది. ఏడవలేదు."

ఇంకేం కోస్తాను?
కోస్తే పరుగు తెగుతుందన్నాను, సంగీతం అతకదన్నాను.
అన్నీ అబద్ధాలే.
ఆ గదిలో నేను చేసిన మంచి పని ఏదైనా ఉంటే
అది చెయ్యకుండా వదిలేసిన పనే.

డమాస్కస్‌లో ఏడ్చారు, ఖార్తూమ్‌లో ఏడ్చారు,
కౌగిలింత దగ్గర ట్యూనిస్‌లో ఈలలేశారట.
మున్సిఫ్ బే రెండో కారు కొన్నాడు.
నజ్మియ్యా నడుస్తూనే ఉంది:
నర్సుగా, నారింజలమ్మేదానిగా,
చివరికి మేకప్ అక్కర్లేని ముసలిదానిగా.
ప్లాస్టరు స్టేషన్‌కి నాలుగుసార్లు పేరు మార్చారు.
ఆమె పేరిట ఒక్క ఉత్తరం ముక్క రాలేదు.

ఒక చలికాలం
సౌండు సరిచెయ్యమని బేరూత్ నుంచి ఓ డబ్బా వచ్చింది.
అదీ ఆ బాపతుదే. సంతలో తండ్రీ కూతురూ కలుస్తారు.
చేపల బండి పక్కన ఒకామె
ఆగింది.
కెమెరాలోకి చూసింది.

నా టీ చల్లారిపోయింది.

టాక్సీ పంపి నజ్మియ్యాని పిలిపించాను.
మూవియోలా మీదికి వంగి, కళ్లద్దాలు తుడుచుకుని,
"మళ్లీ వెయ్" అంది.
వేశాను.
"ఇంకోసారి."
ఆరోసారి అయ్యాక తలెత్తింది.

"విదాద్ కాదు."

గదిలో జిగురు వాసన.
పై అంతస్తులో ఎవరో మేకులు కొడుతున్నారు.

"కానీ ఇదీ ఎవరికోసమో చూస్తోంది.
కోస్తావా ఏమిటి, కొంపదీసి?"

కోయనన్నాను.
అప్పుడామె, ఆగిపోయిన ఆ అరచేతి తెర ముందు
స్కార్ఫు సర్దుకుని
తన కుడిచెవి తమ్మె పట్టుకుంది.